క్రిస్మస్‌కి గుడ్డలో ఉడికించే పండ్ల పుడింగ్: కొవ్వు, గుడ్డు, బ్రాందీ లేకుండా కుదురుతుందా?

పెయిజ్లీ_గౌతమి | నవంబర్ 22, రాత్రి 9:14

అందరికీ నమస్కారం. మేం గ్లాస్గో పక్కన పెయిజ్లీలో ఉంటాం. స్కాట్లాండ్ వచ్చి ఇంకా ఏడాది నిండలేదు. కింది ఫ్లాట్‌లో ఎనభై దాటిన పెద్దావిడ ఒక్కరే ఉంటారు. మా పాప స్కూల్ నుంచి రాగానే ముందు ఆవిడ తలుపే కొడుతుంది. ఈసారి క్రిస్మస్ భోజనం మా ఇంట్లో కలిసి చేద్దామనుకున్నాం. ఆవిడ ఏటా ఎండు పండ్లు, పిండి కలిపి, గుడ్డలో మూటకట్టి గంటలకొద్దీ ఉడికించే పుడింగ్ ఒకటి చేస్తారట. ఇప్పుడు అంత బరువు గిన్నె ఎత్తలేరు. "నువ్వు చెయ్యి, నేను కుర్చీ వేసుకుని పక్కన కూర్చుంటా" అన్నారు. సరే అన్నాను.

చిక్కేమిటంటే, డిసెంబర్‌లో మా అత్తయ్య, మామయ్య వస్తున్నారు. మాంసం, గుడ్డు ముట్టరు. మద్యం మాట ఎత్తితేనే లేచి వెళ్ళిపోతారు. నెట్‌లో క్రిస్మస్ పుడింగ్ అని వెతికితే ఆవు కొవ్వు, నాలుగు గుడ్లు, బ్రాందీ, ఎనిమిది గంటల ఉడుకు, పైగా రెండు నెలల ముందే చేసి మాగబెట్టాలని ఉంది. చదివేసరికి టెన్షన్ పట్టుకుంది. పెద్దావిడని కొలతలు అడిగితే "కొంచెం", "సరిపడా" అంటారు. ఆవిడ యాస నాకు సగమే అర్థమవుతుంది. అందరూ ఒకే పుడింగ్ తినేలా చేయడం కుదురుతుందా? ఇంత ఆలస్యంగా మొదలుపెట్టొచ్చా?

లీడ్స్_లక్ష్మణ్ | నవంబర్ 22, రాత్రి 10:02

అమ్మాయ్, ఆలస్యం ఏమీ కాలేదు. రేపే దానికి అసలు ముహూర్తం. అడ్వెంట్ (క్రిస్మస్‌కి ముందు వచ్చే నాలుగు ఆదివారాల కాలం) మొదలయ్యే ముందు వచ్చే ఆదివారాన్ని ఇంగ్లండ్‌లో స్టిర్ అప్ సండే అంటారు. 1549 నాటి ఆంగ్లికన్ ప్రార్థన పుస్తకంలో ఆ ఆదివారం ప్రార్థన "కదిలించు ప్రభూ" అన్న అర్థం వచ్చే మాటలతో మొదలవుతుంది. చర్చిలో అది వినగానే పుడింగ్ కలపాలని గుర్తొచ్చేదట. ఇంట్లో ఒక్కొక్కరు తలా ఒకసారి గరిటె తిప్పి మనసులో ఒక కోరిక కోరుకుంటారు. జ్ఞానులు తూర్పు నుంచి వచ్చారు కనుక తూర్పు నుంచి పడమరకు తిప్పాలని ఒక ఆనవాయితీ.

నా సలహా: గుడ్డ జోలికి వెళ్ళకండి. 1.2 లీటర్ల పింగాణీ పుడింగ్ బేసిన్ కొనండి. లోపల వెన్న రాసి, కలిపింది వేసి, పైన బేకింగ్ పేపర్, దాని మీద అల్యూమినియం ఫాయిల్ వేయండి. రెండిటికీ మధ్యలో ఒక మడత పెట్టాలి, లోపలిది పొంగితే ఆ మడత విచ్చుకుంటుంది. అంచు కింద దారం బిగించి కట్టి, మూత ఉన్న గిన్నెలో ఆవిరి మీద 8 గంటలు. పండగ రోజు మళ్ళీ రెండు గంటలు. బేసిన్‌లోది ఎప్పుడూ ఒకే ఆకారంలో వస్తుంది, నీళ్ళు చొరబడవు. మధ్యలో వారానికోసారి చెంచాడు బ్రాందీ... అది మీకు కుదరదు లెండి. నారింజ రసం పోయమంటారు కొందరు, కానీ దాంతో అన్ని వారాలు బయట నిలవ ఉంటుందని నమ్మకండి, ఫ్రిజ్‌లో పెట్టాలి.

పెసరట్టు77 | నవంబర్ 22, రాత్రి 10:20

ఎనిమిది గంటలా! గ్యాస్ బిల్లు చూసి మామగారే లేచి వెళ్ళిపోతారు.

కొలత_ప్రకారం | నవంబర్ 23, ఉదయం 7:48

కొవ్వు సంగతి చెప్తాను, అందరూ తప్పటడుగు వేసేది అక్కడే.

దీంట్లో వాడే సూయెట్ అంటే పశువు మూత్రపిండాల చుట్టూ ఉండే గట్టి కొవ్వు. రుచి కోసం వేస్తారనుకుంటారు గానీ అసలు పని వేరు. వెన్న 35 డిగ్రీల లోపే కరిగిపోతుంది. సూయెట్ కరగాలంటే 45 దాటాలి. పుడింగ్ వేడెక్కుతుంటే చుట్టూ ఉన్న పిండి కాస్త గట్టిపడ్డాక గానీ ఈ కొవ్వు పలుకులు కరగవు. అవి కరిగిన చోట సన్నటి గుల్లలు మిగులుతాయి. అందుకే ఇంత బరువైన వంట కూడా నోట్లో పొడిపొడిగా విడిపోతుంది. మెత్తటి వెన్న వేస్తే మొదట్లోనే కరిగి పిండిలో కలిసిపోతుంది, ముద్దగా దిగబడుతుంది.

మీరు బ్రిటన్‌లోనే ఉన్నారు కాబట్టి సమస్యే లేదు. వెజిటబుల్ సూయెట్ అని సూపర్ మార్కెట్లో బేకింగ్ సామాన్ల దగ్గర దొరుకుతుంది. అటోరా వాళ్ళది చాలామంది వాడతారు. పామాయిల్, పొద్దుతిరుగుడు నూనెతో చేసి, అతుక్కోకుండా గోధుమపిండి చల్లి ఉంటుంది. అదే కంపెనీ ఆవు కొవ్వుతో చేసిందీ అదే అరలో పెడతారు, పెట్టె మీద వెజిటబుల్ అన్న మాట చూసి తీయండి. అది దొరక్కపోతే వెన్నని ఫ్రీజర్‌లో రాయిలా గడ్డకట్టించి, తురిమి, చివర్లో కలిపి వెంటనే ఉడకబెట్టాలి.

ఊరి_గాలి | నవంబర్ 23, ఉదయం 9:05

అరిసెలో బొబ్బట్లో చేసి పెట్టొచ్చు కదండీ. వాళ్ళ పండగ వంటలు మనకెందుకు?

పెయిజ్లీ_గౌతమి | నవంబర్ 23, ఉదయం 9:31

అరిసెలు కూడా చేస్తున్నానండి. ఆవిడ అడిగింది మాత్రం ఇది.

నిర్వాహకుడు_2 | నవంబర్ 23, ఉదయం 9:50

దీని మీద వచ్చిన మరో ఆరు వ్యాఖ్యలు తీసేశాం. వంట గురించే మాట్లాడుకుందాం.

కాజీపేట_కుర్రాడు | నవంబర్ 23, మధ్యాహ్నం 1:12

నేను కుర్రాడినని పేరే గానీ రిటైరయి చాలా కాలమైంది. మా నాన్నగారు రైల్వే. కాజీపేట కాలనీలో మా పక్క క్వార్టర్ ఆంగ్లో ఇండియన్ కుటుంబం. ఆ ఇంటి ఆంటీ డిసెంబర్ మొదట్లోనే కిస్మిస్, నల్ల ఎండుద్రాక్ష, నారింజ తొక్క మురబ్బా అన్నీ సన్నగా తరిగి గాజు సీసాలో రమ్ము పోసి మూత బిగించేది. ఆ సీసా అలమారలో పైఅరన ఉండేది, మేం పిల్లలం చూపులతోనే తినేవాళ్ళం. కొవ్వుకి ముందురోజే కసాయి కొట్టులో చెప్పి తెప్పించేది. పాత దుప్పటి ముక్కలో మూటకట్టి పెద్ద డేగిసాలో బొగ్గుల మీద పొద్దున పెడితే సాయంత్రానికి దించేది. మా అమ్మ పక్కన కూర్చుని నీళ్ళు పోసేది. మేం తినేవాళ్ళం కాదు కాబట్టి ఆంటీ మాకోసం వేరేగా గులాబీ పువ్వులు వండి పంపేది.

ఇది ఎందుకు చెప్తున్నానంటే, గుడ్డ కష్టమని లక్ష్మణ్ గారు అంటున్నారు. ఆంటీకి బేసిన్ లేదు, ఫాయిల్ లేదు. బంతిలా గుండ్రంగా వచ్చేది. కుదరదని చెప్పకండి.

పెసరట్టు77 | నవంబర్ 23, మధ్యాహ్నం 1:40

అంటే పండ్లు వేసిన ఆవిరి కుడుము అన్నమాట. మా అమ్మమ్మకి చెప్తే రెండు వాయిలు దించేస్తుంది.

లీడ్స్_లక్ష్మణ్ | నవంబర్ 23, మధ్యాహ్నం 2:15

కుదరదని అనలేదు కాజీపేట గారూ. మొదటిసారి చేసేవాళ్ళకి, అదీ అతిథుల ముందు, బేసిన్ భద్రం అన్నాను.

అబర్డీన్_అనూష | నవంబర్ 23, సాయంత్రం 6:33

గౌతమి అక్కా, ఒక్క ప్రశ్న. ఆవిడ స్కాటిష్ కదా? పుడింగ్ అన్నారా, లేక డంప్లింగ్ అన్నారా? "క్లూటీ" అనే మాట ఏమైనా వినిపించిందా?

నేను ఇక్కడ వృద్ధుల కేర్ హోమ్ వంటగదిలో పని చేస్తాను. మా దగ్గర ఉండే పెద్దవాళ్ళలో బ్రాందీ పోసి మంట పెట్టే ఆ నల్లటి ఇంగ్లిష్ పుడింగ్ అడిగేవాళ్ళు తక్కువ. క్లూటీ డంప్లింగ్, అంటే గుడ్డలో ఉడికించే ఇక్కడి పండ్ల ముద్ద, అంటే మాత్రం కళ్ళు మెరుస్తాయి. మీకు కావలసింది అదే అని నా అనుమానం. అదైతే మీ కష్టాలు సగం ఇప్పుడే తీరిపోతాయి.

పెయిజ్లీ_గౌతమి | నవంబర్ 23, రాత్రి 8:47

అనూషా! ఇప్పుడే కిందికెళ్ళి అడిగి వచ్చాను. క్లూటీనే. ఇంగ్లిష్ పుడింగా అని అడిగినందుకు ఆవిడ నా వైపు చూసిన చూపు ఉందే... "అది దుకాణంలో కొనుక్కుంటారు, ఇది చేస్తారు" అన్నారు. పైగా దీనికి బ్రాందీ ఎవరు పోస్తారని నవ్వారు.

అబర్డీన్_అనూష | నవంబర్ 23, రాత్రి 9:30

అనుకున్నాను. అయితే వినండి.

రెండిటికీ తేడా ఇది. ఇంగ్లిష్ పుడింగ్‌లో పిండి తక్కువ, పండ్లు ఎక్కువ, గుడ్లు, మద్యం ఉంటాయి, వారాల తరబడి మాగాలి. క్లూటీలో పిండి ఎక్కువ. మద్యం మామూలుగా ఉండదు. మాగబెట్టడం అసలే లేదు, ఉడికిన రోజే తినొచ్చు. గుడ్డు చాలా ఇళ్ళల్లో వేస్తారు గానీ, మజ్జిగ, వంటసోడాతో గుడ్డు లేకుండా చేసే పాత పద్ధతీ ఉంది. అంటే మీ అత్తయ్యగారి కోసం కొత్తగా ఏదీ మార్చక్కర్లేదు, కొవ్వు ఒక్కటి వెజిటబుల్ రకం వేస్తే చాలు.

ఎనిమిది, పది మందికి నేను వేసే కొలతలు: సెల్ఫ్ రైజింగ్ పిండి (బేకింగ్ పౌడర్ కలిపి అమ్మే మైదా) 225 గ్రాములు, తాజా బ్రెడ్ పొడి 100, వెజిటబుల్ సూయెట్ 110, ముదురు రంగు బ్రౌన్ షుగర్ 110. సుల్తానా కిస్మిస్ 150, సన్న నల్లద్రాక్ష 150. దాల్చినచెక్క పొడి, శొంఠి పొడి, మిక్స్‌డ్ స్పైస్ తలా ఒక చెంచా. చిటికెడు ఉప్పు, అర చెంచా వంటసోడా. ఒక ఆపిల్, ఒక చిన్న క్యారెట్ తురుము. నల్ల ట్రీకిల్ (నల్లటి చిక్కటి చక్కెర పాకం) ఒక పెద్ద చెంచా. మజ్జిగ 150 మిల్లీలీటర్లతో మొదలుపెట్టి, అవసరమైతే ఇంకాస్త. గరిటెతో ఎత్తితే నెమ్మదిగా, బరువుగా జారాలి. గారెల పిండి కంటే పలచబడితే గుడ్డలో నిలవదు.

మిక్స్‌డ్ స్పైస్ బదులు గరం మసాలా వేయకండి, దయచేసి. జీలకర్ర, మిరియాలు పడితే మొత్తం పాడవుతుంది. ఇంట్లో చేసుకోవాలంటే దాల్చినచెక్క, జాజికాయ, లవంగం, శొంఠి, కొద్దిగా ధనియాలు. అవును, ధనియాలే. ఇక్కడి మిక్స్‌డ్ స్పైస్ డబ్బాల్లో మామూలుగా ఉంటాయి.

అబర్డీన్_అనూష | నవంబర్ 23, రాత్రి 9:58

గుడ్డ గురించి విడిగా రాస్తున్నాను, గెలుపోటములు దీని మీదే.

60 సెంటీమీటర్ల చదరం, స్వచ్ఛమైన నూలు. పాత దిండు గలీబు, పలచబడిన పంచె ముక్క, గీతలు లేని టీ టవల్ ఏదైనా సరే. పాలిస్టర్ కలిసింది వద్దు. కొత్తదైతే ముందు ఒకసారి ఉడకబెట్టి గంజి పోగొట్టండి. సువాసన వచ్చే ఫాబ్రిక్ కండిషనర్‌లో ఉతికిన గుడ్డ అసలు వాడకండి, ఆ వాసన మూడు గంటల్లో పుడింగ్‌లోకి దిగుతుంది.

పిండి కలిపేలోపే పెద్ద గిన్నెలో నీళ్ళు మరుగుతూ ఉండాలి. గిన్నె అడుగున ఒక సాసర్ బోర్లించండి. గుడ్డని మరిగే నీళ్ళలో ముంచి, రబ్బరు గ్లవ్స్ వేసుకుని గట్టిగా పిండండి. బల్ల మీద పరిచి, మధ్యలో పళ్ళెం వెడల్పున పిండి చల్లండి. తుమ్మినట్టు చల్లితే చాలదు, తడిగుడ్డ కనబడకుండా చేత్తో పామాలి. ఈ పిండే వేడి నీళ్ళు తగలగానే జిగురై, లోపలికి నీళ్ళు వెళ్ళకుండా పొర కడుతుంది. క్లూటీకి ప్రాణం ఆ పొర. మా కేర్ హోమ్‌లో పొర ఉన్న ముక్క ఎవరికి వచ్చిందని పోట్లాటలు.

కలిపింది మధ్యలో పెట్టి, నాలుగు కొసలూ ఎత్తి, మడతలు సమంగా సర్ది, దారంతో బిగించి కట్టండి. ముడికీ పిండికీ మధ్య రెండు వేళ్ళ ఖాళీ ఉంచాలి, ఉబ్బుతుంది. మరుగుతున్న నీళ్ళలోనే దించాలి, గోరువెచ్చటివైతే పొర కట్టదు. నీళ్ళు మూటకి ముప్పావు వంతు ఎత్తున ఉంటే చాలు. మూత పెట్టి మూడున్నర గంటలు. సన్నగా కుతకుతలాడుతూ ఉండాలి, ఉడుకు ఆగకూడదు. అరగంటకోసారి చూసి, తగ్గితే కెటిల్‌లో మరిగించిన నీళ్ళే పోయండి. సాసర్ గలగలమంటూ ఉంటే నీళ్ళు మరుగుతున్నట్టే. ఆ చప్పుడు ఆగిందంటే లేచి చూడాలి.

కాజీపేట_కుర్రాడు | నవంబర్ 24, ఉదయం 6:20

అచ్చం ఆంటీ చేసినట్టే రాసినవ్ బిడ్డా. ఆ గలగల నాకు ఇప్పటికీ చెవుల్లో ఉంది. దించాక మూటని చన్నీళ్ళలో ఒక్క క్షణం ముంచేది, గుడ్డ సులువుగా వదిలేది. ఒక సందేహం. మన ప్రెషర్ కుక్కర్‌లో అయితే ఎన్ని విజిల్స్?

కొలత_ప్రకారం | నవంబర్ 24, ఉదయం 8:11

విజిల్స్ లెక్క దీనికి పనికిరాదు సార్. గుడ్డమూటని కుక్కర్‌లో పెట్టడమే వద్దంటాను. లోపల నీళ్ళెంత ఉన్నాయో కనబడదు. పైగా సోడా వేసిన పిండి పొంగకముందే ఒత్తిడి పడితే అణిగిపోయి గట్టి దిమ్మలా వస్తుంది.

బేసిన్ అయితే కుక్కర్ బాగా పనిచేస్తుంది. మొదట 20 నిమిషాలు వెయిట్ పెట్టకుండా ఆవిరి మీద ఉంచాలి, అప్పుడు పొంగాల్సింది పొంగుతుంది. తర్వాత వెయిట్ పెట్టి, ఆవిరి పట్టాక మంట బాగా తగ్గించి రెండు గంటల దాకా. మామూలు గిన్నెలో నీళ్ళు 100 డిగ్రీలు దాటవు. కుక్కర్‌లో 15 పౌండ్ల ఒత్తిడి దగ్గర 121 దాకా వెళ్తుంది. చక్కెర, పిండి కలిసి ముదురు రంగు తిరగడం ఆ వేడికి త్వరగా జరుగుతుంది. ఇంగ్లిష్ పుడింగ్ ఎనిమిది గంటలు ఉడికించడంలో ఒక కారణం ఆ నలుపే. అడుగున నీళ్ళు లీటరున్నరకి తగ్గనివ్వకండి. నీళ్ళు ఇంకిపోతే సేఫ్టీ వాల్వ్ పోతుంది, పుడింగ్‌తో పాటు పండగా పోతుంది.

చరిత్ర_పిచ్చి | నవంబర్ 24, రాత్రి 7:55

కాస్త పక్కదారి పట్టిస్తాను, నిర్వాహకులు మన్నించాలి.

స్కాట్లాండ్‌లో ఇంగ్లిష్ పుడింగ్ అంత పాతుకుపోకపోవడానికి కారణం ఉంది. అక్కడి చర్చి సంస్కరణల తర్వాత క్రిస్మస్ జరుపుకోవడాన్నే వద్దన్నది. 1640లో స్కాట్లాండ్ పార్లమెంటు ఆ సెలవులు రద్దు చేసింది. నమ్ముతారో లేదో, డిసెంబర్ 25 అక్కడ సెలవు దినం అయింది 1958లో! అంటే గౌతమి గారి పెద్దావిడ చిన్నతనంలో అది మామూలు పనిరోజు. వాళ్ళకి పెద్ద పండగ హాగ్‌మనే, అంటే డిసెంబర్ 31 రాత్రి. క్లూటీ చేసేది కొత్త సంవత్సరానికి, పుట్టినరోజులకి. క్రిస్మస్ బల్ల మీదికి తర్వాత చేరింది.

ఇంకొకటి. 1664లో ఇంగ్లండ్‌లో ప్యూరిటన్లు (కఠిన నియమాల ప్రొటెస్టెంట్లు) పుడింగ్‌ని నిషేధించారని నెట్ నిండా ఉంటుంది. వాళ్ళ నాయకుడు క్రామ్‌వెల్ చనిపోయింది 1658లో. 1660లో రెండో చార్లెస్ తిరిగొచ్చి గద్దెనెక్కాడు, ప్యూరిటన్ల పాలన పోయింది. 1664లో నిషేధించడానికి ఎవరున్నారు? నిజంగా జరిగింది 1647లో, ఇంగ్లండ్ పార్లమెంటు క్రిస్మస్ పండగనే రద్దు చేయడం.

మనకి సంబంధించిన ముక్క కూడా ఒకటుంది. 1927లో బ్రిటిష్ సామ్రాజ్యపు సరుకులకి ప్రచారం చేసే ఎంపైర్ మార్కెటింగ్ బోర్డు వాళ్ళు రాజు ఐదవ జార్జ్ వంటవాడి చేత ఒక పుడింగ్ పద్ధతి రాయించి ప్రచారం చేశారు. సామ్రాజ్యంలో ఒక్కో దేశం నుంచి ఒక్కో దినుసు రావాలి. ఎండుద్రాక్ష ఆస్ట్రేలియాది, లవంగాలు జాంజిబార్‌వి, దాల్చినచెక్క సిలోన్‌ది, రమ్ము జమైకాది. మన వంతుకి వచ్చింది ఒక చెంచాడు మసాలా పొడి.

పెసరట్టు77 | నవంబర్ 24, రాత్రి 8:10

అన్నేళ్ళు పట్టుకెళ్ళి లెక్కలో మాత్రం చెంచాడు రాశారా!

పెయిజ్లీ_గౌతమి | నవంబర్ 30, సాయంత్రం 5:22

నిన్న సగం కొలతలతో ఒకటి చేసి చూశాను. పెద్దావిడ కుర్చీలో కూర్చుని పర్యవేక్షణ. లోపల బాగా ఉడికింది. కానీ గుడ్డ విప్పగానే పైన తెల్లగా, జిగటగా, మైదా జిగురు పూసినట్టు ఉంది. ఆవిడ "ఫైర్, ఫైర్" అన్నారు, నేను కంగారుపడి పొయ్యి వైపు చూశాను.

ఇంకోటి, నాణేల సంగతి. లోపల డబ్బులు పెట్టాలంటున్నారు. పాప ఎగిరి గంతేస్తోంది. నాకు భయంగా ఉంది.

అబర్డీన్_అనూష | నవంబర్ 30, రాత్రి 7:04

ఆవిడ చెప్పింది చలిమంట దగ్గర పెట్టి ఆరబెట్టమని అక్కా. గుడ్డ విప్పినప్పుడు అందరిదీ అలా తెల్లగానే ఉంటుంది. వెనకటి ఇళ్ళల్లో నిప్పుల ముందు పళ్ళెంలో పెట్టి తిప్పుతూ ఆరబెట్టేవారు. మీరు ఓవెన్ 150 డిగ్రీల దగ్గర 15 నిమిషాలు పెట్టండి. తడి ఆరి, గోధుమరంగు తిరిగి, తోలులాగా మెరిసే పొర వస్తుంది. విప్పేటప్పుడు గుడ్డని ఒక్క లాగు లాగకండి, పొర దాంతో వచ్చేస్తుంది. మూటని చిల్లుల గిన్నెలో పెట్టి, ముడి విప్పి, గుడ్డ అంచులు వెనక్కి మడిచి, పైన పళ్ళెం బోర్లించి మొత్తం తిప్పండి. తర్వాత మెల్లగా ఒలవండి.

నాణేలు ఉడికేటప్పుడు లోపల వద్దు. పాత వెండి ఆరు పెన్నీలు వేరు, ఇప్పటివాటిలో నికెల్ ఉంటుంది. బాగా కడిగి, మరిగించి, ఒక్కోటీ బేకింగ్ పేపర్‌లో పెద్ద పొట్లంగా చుట్టి, ముక్క కోశాక పళ్ళెంలో దాని కిందికి తోయండి. పిల్లలకి అది చాలు. వెనకట నాణెం వస్తే డబ్బు, ఉంగరం వస్తే పెళ్ళి, బొత్తాం వస్తే బ్రహ్మచారిగా మిగలడం అని కూడా పెట్టేవారు.

లీడ్స్_లక్ష్మణ్ | నవంబర్ 30, రాత్రి 8:30

కట్టుడు పళ్ళ పెద్దవాళ్ళు ఇద్దరు ముగ్గురు బల్ల దగ్గర ఉంటారు. నాణేల విషయంలో అనూష చెప్పినట్టే చెయ్యండి. మిగిలింది మైక్రోవేవ్‌లో వేడిచేసే ముందు కూడా ఒకసారి వెతకండి.

పెయిజ్లీ_గౌతమి | నవంబర్ 30, రాత్రి 9:12

సరే. మీద పోయడానికి కస్టర్డ్ అంటున్నారు. దాంట్లో గుడ్డు ఉంటుంది కదా?

కొలత_ప్రకారం | నవంబర్ 30, రాత్రి 9:40

అసలు కస్టర్డ్‌లో ఉంటుంది. బర్డ్స్ కస్టర్డ్ పౌడర్‌లో ఉండదు, అది కార్న్‌ఫ్లోర్. 1837లో బర్మింగ్‌హామ్‌లో ఆల్ఫ్రెడ్ బర్డ్ అనే ఆయన, భార్యకి గుడ్డు పడదని కనిపెట్టాడు. మీ అత్తయ్యగారి కోసమే చేసినట్టుంది. డబ్బా మీద దినుసులు ఒకసారి చూసుకోండి, పాలు చిక్కగా కాచండి.

పెద్దావిడకి కుక్క ఉంటే ఒక ముక్క కూడా వేయనివ్వకండి. ఎండుద్రాక్ష కుక్కలకి విషం, మూత్రపిండాలు దెబ్బతింటాయి.

పెయిజ్లీ_గౌతమి | డిసెంబర్ 26, మధ్యాహ్నం 12:05

నిన్న చేశాం. పొద్దున ఎనిమిదింటికి నీళ్ళు ఎక్కించాను, పన్నెండింటికి ఓవెన్లోంచి బయటికి తీశాను. మామయ్య గిన్నె దగ్గర కుర్చీ వేసుకుని సాసర్ చప్పుడుకి కాపలా కాశారు, ఎవరూ అడగకుండానే. పొర చెక్కు చెదరలేదు. అత్తయ్య మొదటి ముద్ద తిని "శొంఠి తెలుస్తోంది, ఇంకాస్త పడొచ్చు" అన్నారు. ఆవిడ నోట అది పొగడ్తే. పెద్దావిడ వెజిటబుల్ సూయెట్ గురించి ఏమీ అనలేదు. పొర ఉన్న ముక్క మాత్రం రెండోసారి అడిగి తీసుకున్నారు. తర్వాత, ఆపిల్ ఎక్కువైందని, వాళ్ళమ్మ క్యారెట్ మాత్రమే వేసేదని చెప్పారు. యుద్ధం రోజుల్లో పండ్లకి కరువు కదా, అందుకేనేమో.

మూడోవంతు మిగిలింది. ఎన్ని రోజులు ఉంటుంది?

అబర్డీన్_అనూష | డిసెంబర్ 26, మధ్యాహ్నం 2:18

ఫ్రిజ్‌లో గాలి తగలకుండా చుట్టి పెడితే నాలుగైదు రోజులు. ముక్కలు కోసి ఫ్రీజర్‌లో పెడితే నెలలు. మళ్ళీ ఆవిరి పట్టకండి, మెత్తబడిపోతుంది. అంగుళం మందాన కోసి, పెనం మీద వెన్న వేసి రెండు వైపులా ఎర్రగా కాల్చండి. ఇక్కడ పొద్దున టిఫిన్‌లో బేకన్, గుడ్డు పక్కన అలాగే తింటారు. మీరు కాఫీతో తినండి. నన్నడిగితే ఉడికిన రోజు కంటే ఆ కాల్చిన ముక్కే బాగుంటుంది.

వైజాగ్_వాణి | డిసెంబర్ 27, ఉదయం 10:44

ఈ చర్చ మొత్తం చదివాను. జనవరి 1కి మా చర్చి మహిళల సమాజం విందులో ఇది చేయాలనుంది. విశాఖలో వెజిటబుల్ సూయెట్ దొరకదు, ట్రీకిల్ దొరకదు. డాల్డా, బెల్లం పాకం వేస్తే? టూటీ ఫ్రూటీ వేయొచ్చా?

కొలత_ప్రకారం | డిసెంబర్ 27, ఉదయం 11:30

డాల్డా పనికొస్తుంది. మీ ఊరి వేడికి చేతిలోనే కరుగుతుంది కాబట్టి ఫ్రీజర్‌లో రాత్రంతా ఉంచి, మైదా అద్దుకుంటూ తురిమి, మళ్ళీ ఫ్రీజర్‌లో పెట్టి, మజ్జిగ పోసే ముందు మాత్రమే కలపండి. నల్లబెల్లం ముదురు పాకం ట్రీకిల్‌కి దగ్గరగా ఉంటుంది, చెంచాడే. సెల్ఫ్ రైజింగ్ పిండి లేకపోతే 225 గ్రాముల మైదాకి రెండున్నర చెంచాల బేకింగ్ పౌడర్. వంటసోడా అలాగే ఉండనివ్వండి, మజ్జిగ పులుపుకి అది కావాలి. టూటీ ఫ్రూటీ పచ్చి బొప్పాయి ముక్కలు, ఒట్టి తీపి. పిడికెడు వేయండి, కిస్మిస్ తగ్గించకండి. తయారయ్యాక మాత్రం అక్కడి ఉక్కలో బయట ఉంచొద్దు, రెండో రోజుకే బూజు పడుతుంది.

కాజీపేట_కుర్రాడు | డిసెంబర్ 27, మధ్యాహ్నం 12:02

వాణీ అమ్మా, విందుకి జనం ఎక్కువైతే ఒకటే పెద్దది కట్టకు. ఆంటీ రెండు మూటలు కట్టి, గిన్నె మీద అడ్డంగా కర్ర పెట్టి దానికి వేలాడదీసేది. అడుగు అంటదు, సాసరూ అక్కర్లేదు.

వైజాగ్_వాణి | డిసెంబర్ 27, మధ్యాహ్నం 12:20

వేలాడదీస్తే నీళ్ళు మూట మొత్తం మునగాలా?

కాజీపేట_కుర్రాడు | డిసెంబర్ 27, మధ్యాహ్నం 12:41

ముడి దాకా. ముడి పైన ఉండాలి.